ఏడో పోస్టు ఎప్పుడొస్తుంది?
యూనివర్సిటీ నియామకాల్లో రోస్టరు తగాదా

రిజర్వేషన్ల మీద జరిగే గొడవంతా శాతాల మీదే అని మనలో చాలామంది అనుకుంటారు. 15 శాతం వుందా, 7.5 శాతం వుందా అని చూసుకుని వూరుకుంటాం. కానీ శాతాన్ని ముట్టుకోకుండానే ఉద్యోగాన్ని మాయం చేయొచ్చు. ఆ శాతాన్ని దేని మీద లెక్క కడుతున్నారన్నదే అసలు కీలకం. 2017-19 మధ్య కేంద్ర విశ్వవిద్యాలయాల్లో జరిగింది ఇదే.

ముందు రోస్టరు అంటే ఏమిటో చూద్దాం. పోస్టులకు వరసగా నెంబర్లు వేసి, ఏ నెంబరు ఎవరికో ముందే రాసిపెట్టుకునే రిజిస్టరు అది. 1995లో ఆర్.కె. సభర్వాల్ కేసులో సుప్రీంకోర్టు, రోస్టరును ఖాళీల ప్రకారం కాక పోస్టుల ప్రకారం నడపాలని చెప్పింది. దాన్నిబట్టి కేంద్రం 1997 జులై 2న కొత్త రోస్టరు ఇచ్చింది. అందులో 4వ పోస్టు ఓబీసీది, 7వది ఎస్సీది, 8, 12 మళ్లీ ఓబీసీవి, 14వది ఎస్టీది. ఇది గాలిలోంచి వూడిపడ్డ వరస కాదు. 15 శాతాన్ని ఒక్కో పోస్టుకూ కలుపుకుంటూ పోతే ఏడో పోస్టు దగ్గర మొత్తం ఒకటి దాటుతుంది. 7.5 శాతం 14వ పోస్టు దాకా వస్తే గానీ ఒకటి కాదు.

ఇప్పుడు అసలు ప్రశ్న. ఆ నెంబర్లు యూనివర్సిటీ మొత్తానికి వేయాలా, ఒక్కో డిపార్టుమెంటుకు విడివిడిగా వేయాలా?

ఒక యూనివర్సిటీలో 20 డిపార్టుమెంట్లు, ఒక్కోదానిలో 5 అసిస్టెంట్ ప్రొఫెసరు పోస్టులు వున్నాయనుకుందాం. మొత్తం 100. యూనివర్సిటీని ఒకే యూనిట్‌గా తీసుకుంటే ఎస్సీలకు 15, ఎస్టీలకు 7, ఓబీసీలకు 27 వస్తాయి. అదే డిపార్టుమెంటును యూనిట్ చేస్తే? ప్రతి డిపార్టుమెంటులో 4వ పోస్టు ఓబీసీకి పోతుంది, అంటే 20. ఎస్సీలకు సున్న. ఎస్టీలకు సున్న. అయిదు పోస్టులున్న చోట ఏడో నెంబరు రావాలంటే ఇద్దరు దిగిపోవాలి. పద్నాలుగో నెంబరుకు తొమ్మిది మంది దిగిపోవాలి. ముప్పయ్యేళ్లకు చేరిన మనిషి అరవై అయిదేళ్లకు రిటైరవుతాడు. ఎదురుచూసేవాళ్ల వయసు ఎవరు లెక్కపెడతారు?

పై మెట్లకు వెళ్తే ఇంకా అన్యాయం. చాలా శాఖల్లో ప్రొఫెసరు పోస్టు ఒక్కటే. ఒకే ఒక్క పోస్టును రిజర్వు చేయడం చెల్లదని చండీగఢ్ పీజీఐ కేసులో 1998లోనే రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది. కాబట్టి డిపార్టుమెంటు యూనిట్ అయితే ఆ కుర్చీ దగ్గరకు రిజర్వేషన్ ఎప్పటికీ రాదు.

యూజీసీ 2006 మార్గదర్శకాలు యూనివర్సిటీనే యూనిట్‌గా తీసుకుని 200 పాయింట్ల రోస్టరు పెట్టాయి. బనారస్ హిందూ యూనివర్సిటీ నియామకాల ప్రకటన మీద వేసిన వివేకానంద్ తివారీ కేసులో అలహాబాద్ హైకోర్టు 2017 ఏప్రిల్‌లో దీన్ని కొట్టేసింది. వేర్వేరు సబ్జెక్టుల టీచర్లు ఒకరి చోట ఒకరు పనిచేయలేరు, ఒకరితో ఒకరు పోటీపడరు, కాబట్టి అందరినీ ఒక గుంపుగా చూడకూడదన్నది కోర్టు వాదన సారాంశం. వినడానికి సబబుగానే వుంటుంది. కానీ నియామకానికి సబ్జెక్టు వేరైనా జీతం, హోదా, సర్వీసు షరతులు ఒకటే కదా! ప్రాతినిధ్యం లెక్కపెట్టేటప్పుడు మాత్రం గోడలెందుకు కట్టాలి? రాజ్యాంగం 16(4) అడిగేది సర్వీసులో తగినంత ప్రాతినిధ్యం. భూగోళశాఖ నాలుగు గోడల మధ్య ప్రాతినిధ్యం కాదు.

2018 మార్చి 5న యూజీసీ ఈ తీర్పును అమలు చేయమని సర్క్యులర్ పంపింది. రిజర్వుడు పోస్టులు కుదించుకుపోయిన ప్రకటనలు వెంటవెంటనే వచ్చాయి. గొడవ పెరిగాక జులైలో నియామకాలు ఆపమన్నారు. 2019 జనవరి 22న సుప్రీంకోర్టు కేంద్రం, యూజీసీల అప్పీళ్లను కొట్టేసింది. ఫిబ్రవరిలో రివ్యూ కూడా పోయింది. మార్చి 5న దళిత, ఆదివాసీ, బహుజన సంఘాలు భారత్ బంద్ చేశాయి. రెండు రోజులకే, మార్చి 7న, ఆర్డినెన్సు వచ్చింది. ఎన్నికల ముందు కాబట్టి వచ్చింది అనేవాళ్లున్నారు. కావచ్చు. రోడ్డెక్కకపోతే ఎన్నికల ముందు కూడా వచ్చేది కాదు. అదే సంవత్సరం పార్లమెంటు దాన్ని చట్టం చేసింది. ఇప్పుడు కేంద్ర విద్యాసంస్థ మొత్తం ఒకే యూనిట్.

అంతటితో తీరిపోయిందా అంటే లేదు. మైనారిటీ సంస్థలనూ, షెడ్యూల్లో చేర్చిన కొన్ని 'శ్రేష్ఠ', పరిశోధనా సంస్థలనూ చట్టం వదిలేసింది. ఎక్కడ విజ్ఞానం ఎక్కువో అక్కడ మనవాళ్లు అక్కర్లేదన్న మాట! రెండోది, ఇది కేంద్ర సంస్థలకే. హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీకి, ఇఫ్లూకి వర్తిస్తుంది. ఉస్మానియాకి, ఆంధ్రాకి వర్తించదు. అవి రాష్ట్ర నిబంధనల కింద నడుస్తాయి. ఇక్కడో సంగతి గమనించాలి. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 1996 సర్వీసు నిబంధనల 100 పాయింట్ల రోస్టరులో ఎస్సీ పాయింటు 7 దాకా ఆగలేదు, 2వ నెంబరులోనే పెట్టారు. ఎక్కడ పెట్టాలన్నది లెక్కల శాస్త్రం నిర్ణయించేది కాదు, ప్రభుత్వం నిర్ణయించేది.

మూడోది, యూనివర్సిటీ యూనిట్ అయినంత మాత్రాన మోసానికి దారి మూసుకుపోదు. శాఖలను ఏ వరసలో పేర్చితే ఏడో నెంబరు ఎవరి మీద పడుతుందో ఆఫీసు వాళ్లకు బాగా తెలుసు. అభ్యర్థులు దొరకని స్పెషలైజేషన్ మీద దాన్ని పడేసి, ఇంటర్వ్యూ అయ్యాక 'తగినవారు లేరు' అని రాస్తే పోస్టు కాగితం మీద రిజర్వుడుగానే వుంటుంది, కుర్చీ మాత్రం ఖాళీగా వుంటుంది. ఆ మాట పదేపదే రాసి పోస్టును చివరికి జనరల్‌కు మార్చుకునే ఆలోచన కూడా వుంది. అలాంటి వెసులుబాటుతో యూజీసీ ముసాయిదా ఒకటి బయటికొచ్చి గొడవైతే, 2024 జనవరిలో కేంద్ర విద్యాశాఖ అలా మార్చడం కుదరదని చెప్పాల్సివచ్చింది.

అందుకని ప్రకటన రాగానే శాతం చూసి సంతృప్తి పడొద్దు. సమాచార హక్కు కింద నాలుగు అడగండి: కేడర్ వారీ రోస్టరు రిజిస్టరు నకలు, శాఖలను పేర్చిన వరస, అలా పేర్చాలని తీర్మానించిన తేదీ, లైజన్ ఆఫీసరు ఏటా చేయాల్సిన తనిఖీ నివేదిక. పేర్చిన తేదీ ప్రకటనకు కాస్త ముందే అని తేలితే అక్కడ ఆగి గట్టిగా చూడండి. ఇవన్నీ ఇంటర్వ్యూలకు ముందే చేతికి రావాలి. నియామకాలు అయిపోయాక కోర్టుకెళ్తే, చేరినవాళ్లను కక్షిదారులుగా చేర్చుకుని ఏళ్లతరబడి తిరగాల్సి వస్తుంది.