రెండు భూములు, ఒకే పేరు

1940లో అమెరికా బొమ్మల కథలలో జే గారిక్ అనే మెరుపువేగపు వీరుడు 'ఫ్లాష్' పేరిట అవతరించాడు. కొన్నేళ్లకు ఆ కథలు నిలిచిపోయినవి. 1956లో అదే పేరుతో బారీ ఆలెన్ వచ్చాడు. చిత్రమేమిటంటే, పాత వీరుని బొమ్మల పుస్తకం చదివే ఈ కొత్తవాడు ఆ పేరు పెట్టుకున్నాడు! అంటే మొదటివాడు వట్టి కల్పనేనా? అతని కథలు చదివి పెరిగిన పిల్లల మాటేమిటి?

1961లో రచయిత గార్డ్‌నర్ ఫాక్స్ ఆ ఇద్దరినీ ఎదురెదురుగా నిలిపాడు. రెండు భూములు ఒకే చోట ఉన్నవి. వేర్వేరు వేగాలతో కంపిస్తున్నందున ఒకదానికొకటి కానరావు. అవతలి భూమిపై జరిగినది ఇవతలి రచయితకు కలగా తోచి పుస్తకమైనది. కథలోని ఆ రచయిత పేరూ ఫాక్సే! ఈ ఏర్పాటుతో ఏ కథనూ అబద్ధమనవలసిన పని లేకపోయింది.

అయితే రానురాను భూములు పెరిగి లెక్క తప్పింది. 1985-86లో మార్వ్ వుల్ఫ్‌మన్, జార్జ్ పెరెజ్‌లు 12 సంచికల కథతో అన్నిటినీ ఒకే లోకంగా కలిపివేశారు. సూపర్‌మాన్‌ను కాపాడుతూ ప్రాణమిచ్చిన సూపర్‌గర్ల్ ఆ కొత్త లోకంలో ఎవరి జ్ఞాపకంలోనూ మిగలలేదు. లెక్క కుదిరింది గాని, ఎంత క్రూరమైన సవరణ!

పాఠకులు మాత్రం ఆమెను మరువలేదు. 2004లో ఆమె కథ మళ్లీ మొదలైంది. 2007లో భూములూ తిరిగి వచ్చినవి, ఈసారి లెక్కపెట్టి 52.