నాబోతు పొలం, జోడేఘాట్ కొండ

ఇశ్రాయేలు రాజు అహాబుకు దేనికీ కొదవ లేదు. అయినా యెజ్రెయేలులో తన రాజభవనాన్ని ఆనుకుని ఉన్న నాబోతు ద్రాక్షతోటపై ఆయన కన్నుపడింది. దానికి బదులు మంచి తోట ఇస్తానన్నాడు, కాదంటే డబ్బిస్తానన్నాడు. ఇది నా పిత్రార్జితం, ఇవ్వనన్నాడు నాబోతు. రాజు అలిగి అన్నం మానేసి మంచమెక్కాడు. అప్పుడు రాణి యెజెబెలు ఏం చేసింది? సైన్యాన్ని పంపలేదు. రాజముద్ర వేసిన తాకీదులు పంపింది. ఉపవాసం చాటించి, ఇద్దరు దొంగసాక్షులను నిలబెట్టి, దైవదూషణ నేరం మోపి నాబోతును రాళ్లతో కొట్టి చంపించింది (1 రాజులు 21 అధ్యాయం). కాగితం, ముద్ర, భక్తి: ఒక రైతును మట్టుబెట్టడానికి ఈ మూడూ సరిపోయాయి.

ఇది ఎక్కడో పరదేశంలో ఎప్పుడో జరిగిన కథ అనుకుంటున్నారా? ఆదిలాబాద్ కొండలకు వెళ్లండి. అక్కడి గోండులు, కొలాములు తరతరాలుగా దున్నుకున్న నేలకు కాగితాలు లేవు. నిజాం కాలంలో అటవీశాఖ హద్దురాళ్లు పాతింది, ఊళ్లు ఖాళీ చేయించింది. మైదానాల నుంచి వచ్చినవాళ్లు పట్టాలు చేయించుకున్నారు. పుట్టిన నేల మీదే గిరిజనుడు ఆక్రమణదారుడయ్యాడు. చుట్టుపక్కల 12 గూడేలను కూడగట్టి కుమ్రం భీము తిరగబడ్డాడు. 1940లో జోడేఘాట్ వద్ద పోలీసు తూటాలకు నేలకొరిగాడు.

ఆ నెత్తురు చూశాకే ప్రభుత్వం కళ్లు తెరిచింది. గోండుల బాధలు తెలుసుకొమ్మని ఆస్ట్రియాలో పుట్టిన పరిశోధకుడు హైమన్‌డార్ఫ్‌ను నియమించింది. ఆయన, భార్య బెట్టీ మార్లవాయి గూడెంలో గుడిసె వేసుకుని వారి మధ్యే బతికారు. గిరిజనులకు పట్టాలు ఇప్పించారు, పిల్లలకు సొంత భాషలో చదువు మొదలుపెట్టించారు. 1987లో కన్నుమూసిన బెట్టీ సమాధి మార్లవాయిలోనే ఉంది. పొరుగువాడిని ప్రేమించడమంటే అతని పొరుగున కాపురం ఉండటమే!

అయినా గొడవ తీరలేదు. గిరిజన భూమి గిరిజనేతరుల చేతికి పోకుండా 1970లో 1/70 చట్టం వచ్చింది. 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో సభకు వచ్చిన గిరిజనులపై పోలీసులు కాల్పులు జరిపారు. సర్కారు లెక్కలో మృతులు 13 మంది, జనం చెప్పే లెక్క అంతకు ఎన్నో రెట్లు. వారికి చారిత్రక అన్యాయం జరిగిందని 2006 నాటి అటవీ హక్కుల చట్టం ఒప్పుకుంది. 2023 జూన్‌లో ఆసిఫాబాదులో పోడు పట్టాల పంపిణీ మొదలైంది. జోడేఘాట్ నుంచి అప్పటికి 83 ఏళ్లు!

నాబోతు కథలో మనం పెద్దగా పట్టించుకోనివారు కొందరున్నారు. వారు యెజ్రెయేలు పెద్దలు. నాబోతు నిర్దోషి అని వారికి తెలుసు. అయినా తాకీదు అందగానే ఉపవాస సభకు కూర్చున్నారు, నోరు మెదపలేదు. శామీర్‌పేటలోనో, లాల్‌గడి మలక్‌పేటలోనో ప్లాటు రిజిస్టరైతే ఆరాధనలో సాక్ష్యం చెప్పి స్తోత్రాలు చెల్లిస్తాం. మంచిదే. కానీ ఆ నేలను నిన్నటిదాకా దున్నినవాడు ఏమయ్యాడని ఎప్పుడైనా అడిగామా?

భూమి నాదే, మీరు నా దగ్గర కాపురమున్న పరదేశులని లేవీయకాండంలో దేవుడు తేల్చి చెప్పాడు. అహాబు తోటను స్వాధీనం చేసుకోబోయిన రోజునే ఏలీయాను ఆ తోటలోకే పంపాడు. లోకం దృష్టిలో కాగితాలన్నీ సరిగ్గానే ఉన్నాయి. దేవుడు మాత్రం నెత్తురు లెక్క అడిగాడు. ఆ లెక్క అడిగే ఏలీయాలా నిలబడదామా, తాకీదుకు తలూపిన పెద్దల్లా కూర్చుందామా?