ఆపరేషన్ సెప్టెంబరులో... జుట్టు ఊడింది డిసెంబరులో!

డిసెంబరులో ఓ శనివారం. బయట మంచు కురుస్తోంది. గోల్ఫ్ రోడ్డు దగ్గర్లో ఉండే మా స్నేహితురాలి అపార్ట్‌మెంట్‌లో కూర్చుని టీ తాగుతున్నాం. ఉన్నట్టుండి ఆవిడ లేచి లోపలికి వెళ్లి ఓ జిప్‌లాక్ కవరు తెచ్చి మా ముందు పెట్టింది. నిండా జుట్టు!

"ఇది ఈ ఒక్క వారానిది" అంది.

మాకెవ్వరికీ మాట రాలేదు. పొడుగాటి జడకి మా అందరిలో పేరు ఆవిడదే మరి.

మేం షామ్‌బర్గ్‌లో చాలా ఏళ్లుగా ఉంటున్న నలుగురు తెలుగు ఆడవాళ్లం. శనివారం వచ్చిందంటే ఎవరో ఒకరింట్లో చేరతాం. ఆ కవరు చూసిన రోజు నుంచి ఆర్నెల్లపాటు మా కబుర్లన్నీ జుట్టు చుట్టూనే తిరిగాయి. "నా పేరు రాయొద్దు గానీ విషయం మాత్రం రాయండి. ఇంకొకరు నాలా భయపడకూడదు" అని ఆవిడే చెప్పడంతో ఇది రాస్తున్నాం.

అంతకుముందు సెప్టెంబరు మొదటి వారంలో ఆవిడకి గర్భసంచి ఆపరేషన్ అయింది. ఫైబ్రాయిడ్ గడ్డలు. రెండేళ్లుగా రక్తం పోతూనే ఉంటే ఓర్చుకుంది. చివరికి హిమోగ్లోబిన్ 8కి పడిపోయాక గానీ డాక్టరు మాట వినలేదు. తెనాలి నుంచి వాళ్లమ్మగారు ఆగస్టులోనే వచ్చారు. కూతుర్ని కళ్లలో పెట్టుకుని చూసుకుని, చలి ముదరకముందే నవంబరు మధ్యలో ఇండియా వెళ్లిపోయారు. ఆవిడ ఎక్కిన విమానం దిగిందో లేదో ఇక్కడ కూతురి దువ్వెనలో జుట్టు మొదలైంది. ముందు దువ్వెనకి, తర్వాత దిండుకి, ఆ తర్వాత షవర్ జాలీకి. డిసెంబరు వచ్చేసరికి అన్నంలో కూడా!

తలా ఓ మాట

అడిగిందే తడవు, మేం తలా ఓ సలహా ఇచ్చాం. "షికాగో నీళ్లు పడలేదు" అన్నారు ఒకరు. కానీ మా ఊరికి వచ్చేవి మిషిగన్ సరస్సు నీళ్లే. ఆవిడ ఎనిమిదేళ్లుగా ఆ నీళ్లతోనే తల స్నానం చేస్తోంది. ఎనిమిదేళ్లూ పడిన నీళ్లు ఇప్పుడు పడకుండా పోతాయా?

"మత్తుమందు వల్లే" అన్నారు ఇంకొకరు. ఈ మాట ఇండియాలోనూ, ఇక్కడా ఎవరి నోట విన్నా వినిపిస్తుంది. అందులోనూ అమెరికా మత్తు డాక్టర్ల సంఘం తన ప్రధాన కార్యాలయం పెట్టుకుంది మా షామ్‌బర్గ్‌లోనే, అమెరికన్ లేన్‌లో. మత్తుమందుల చరిత్ర చెప్పే వుడ్ లైబ్రరీ మ్యూజియం కూడా ఆ భవనంలోనే పెట్టారు. 1846లో బోస్టన్‌లో ఈథర్ ఇచ్చి, రోగికి నొప్పి తెలియకుండా మెడ దగ్గర కణితిని తీసి చూపించిన నాటి నుంచి ఆ కథ మొదలవుతుంది. మత్తు లేని కాలంలో ఆపరేషన్ అంటే నలుగురు పట్టుకుని కోయడమే. అంత మేలు చేసిన మందు మీద జుట్టు నేరం కూడా మోపేశాం.

ఇక మూడో సలహా ఇచ్చిన వాళ్లం మాటతో ఆగలేదు. కాస్ట్‌కోకి వెళ్లి బయోటిన్ మాత్రల డబ్బా కొనిచ్చాం. 'జుట్టుకీ గోళ్లకీ మంచిది' అని దాని మీదే రాసి ఉంది కదా అని. ఈ సంగతి మళ్లీ చెబుతాం.

"మీరైనా నిజం చెప్పండమ్మా"

జనవరిలో మాలో ఒకరికి తెనాలి నుంచి ఫోనొచ్చింది. స్నేహితురాలి అమ్మగారు. వీడియో కాల్‌లో కూతురి పాపిట వెడల్పవడం చూశారట. "గర్భసంచిలో గడ్డ అన్నారు. కోసి తీశారు. ఇప్పుడు జుట్టూడుతోంది. ఏమ్మా, మీరైనా నిజం చెప్పండి. మా అమ్మాయికి కీమో చేయిస్తున్నారా? నాకు తెలిస్తే తట్టుకోలేనని దాస్తున్నారా?" అంటూ ఏడ్చేశారు.

"అదేం లేదు ఆంటీ, మామూలు గడ్డలే. రిపోర్టు కూడా వచ్చింది" అన్నాం. అయితే ఆ మాట గట్టిగా చెప్పలేకపోయాం. ఎందుకంటే మాకూ లోపల అదే అనుమానం ఉంది. మన సినిమాల్లో జుట్టూడిందంటే ఒకటే జబ్బు కదా! గడ్డ తీసిన మూడు నెలలకి జుట్టెందుకు ఊడుతోందో మాలో ఒక్కరికీ తెలీదు. తెలీనప్పుడు ధైర్యం ఎలా చెబుతాం?

ఆ ఫోన్ తర్వాతే ఆవిణ్ణి బలవంతంగా చర్మవ్యాధుల డాక్టరు దగ్గరికి తీసుకెళ్లాం. అన్నట్టు అమెరికా చర్మ డాక్టర్ల అకాడమీ ప్రధాన కార్యాలయం కూడా చాలా ఏళ్లు మా ఊళ్లోని వుడ్‌ఫీల్డ్ రోడ్డులోనే ఉండేది. తర్వాత రోజ్‌మాంట్‌కి మారింది. ఆ భవనం పక్కనుంచి మాల్‌కి ఎన్నిసార్లు వెళ్లుంటామో! చర్మ డాక్టరు దగ్గరికి వెళ్లాలని మాత్రం రెండు నెలలదాకా తోచలేదు.

"మూడు నెలల క్రితం ఏమైంది?"

డాక్టరమ్మ ఏ నూనె వాడుతున్నావని అడగలేదు. ఏ షాంపూ అని అడగలేదు. "జుట్టు ఊడటం మొదలవడానికి రెండు మూడు నెలల ముందు ఏమైంది?" అని అడిగింది. సెప్టెంబరులో ఆపరేషన్ అనగానే తలూపింది. చిన్న కుచ్చు వేళ్లతో పట్టుకుని మెల్లిగా లాగి చూసింది. చేతికొచ్చిన వెంట్రుకల కొసలు వెలుతుర్లో పెట్టి చూపించింది. ప్రతి దానికీ చివర చిన్న తెల్లటి బుడిపె.

"కుదురుతో సహా ఊడొచ్చేస్తోంది, ఇంక మొలవదు" అని మా స్నేహితురాలు అన్నాళ్లూ ఏడ్చింది ఆ తెల్ల బుడిపెని చూసే. అది కుదురు కాదట. విశ్రాంతిలోకి వెళ్లిన వెంట్రుకకి అడుగున ఏర్పడే ముడి మాత్రమేనట. అసలు కుదురు చర్మం లోపల భద్రంగానే ఉంటుంది. మళ్లీ మొలిపించేది అదే.

డాక్టరమ్మ చెప్పిన లెక్క ఇదీ. మన తల మీద సుమారు లక్ష వెంట్రుకలు. ఒక్కో వెంట్రుక రెండు నుంచి ఆరేళ్లు పెరుగుతుంది. తర్వాత రెండు మూడు వారాల్లో ఎదుగుదల ఆగుతుంది. ఆపైన మూడు నెలలు విశ్రాంతి తీసుకుని రాలిపోతుంది. మామూలు రోజుల్లో నూటికి పది వెంట్రుకలు విశ్రాంతిలో ఉంటాయనుకుందాం. అంటే పదివేలు. అవి వంద రోజుల్లో రాలితే రోజుకి 100. ఇది అందరికీ ఉండేదే.

పెద్ద ఆపరేషన్, రక్తం పోవడం, తీవ్రమైన జ్వరం లాంటి దెబ్బ తగిలితే ఇంకా పెరగాల్సిన వెంట్రుకలు చాలా ఒక్కసారే విశ్రాంతిలోకి వెళతాయి. నూటికి పది ఉండాల్సినవి ముప్పై అయ్యాయనుకోండి. రోజుకి 300 రాలతాయి. అయితే ఆ రోజే రాలవు. మూడు నెలలు కుదుళ్లలోనే ఉండి, కింద కొత్త వెంట్రుక బయల్దేరే వేళకి రాలతాయి. అందుకే సెప్టెంబరు దెబ్బ డిసెంబరులో బయటపడింది. ముప్పై పోయినా డెబ్బై ఉంటాయి కాబట్టి జుట్టు పలచబడుతుందే గానీ బట్టతల రాదు. దీనికి టెలోజెన్ ఎఫ్లూవియం అని 1961లో పేరు పెట్టినవాడు ఆల్బర్ట్ క్లిగ్‌మన్ అనే అమెరికన్ చర్మ డాక్టరు.

మరి మత్తుమందు? అదొక్కటే కారణమని వేలెత్తి చూపడానికి లేదంది. కోత, రక్తం పోవడం, తిండి తగ్గడం, దిగులు... అన్నీ కలిసి ఒంటికి తగిలే దెబ్బ అది. చాలా గంటలు సాగే ఆపరేషన్లలో తల ఒకే చోట ఒత్తుకుని వెనక వైపు గుండ్రంగా జుట్టు పోవడం ఇంకో రకం. అది కొద్ది వారాల్లోనే కనిపిస్తుంది.

పథ్యం, బయోటిన్

డాక్టరమ్మ తిండి గురించి అడిగినప్పుడు మా స్నేహితురాలు కాస్త నసిగింది. ఆపరేషన్ అయ్యాక అమ్మ పథ్యం పెట్టింది మరి! పప్పు తింటే చీము పడుతుందని పప్పు లేదు. గుడ్డు లేదు. పెరుగు వాతమని అదీ లేదు. రెండు నెలలు చారన్నం, కారప్పొడి. అమ్మ ప్రేమలో లోటు లేదు. కానీ వెంట్రుక తయారయ్యేదే ప్రొటీన్‌తో. గాయం మానాలన్నా అదే కావాలి. అసలే రక్తం తక్కువ, ఆపైన ఈ పథ్యం. రక్త పరీక్షలో ఒంట్లో ఐరన్ నిల్వలు బాగా అడుగంటాయని తేలింది. ఐరన్ మాత్రలు, పప్పు, గుడ్లు, పెరుగు... ఇదే ఆవిడ రాసిచ్చిన వైద్యం.

ఇప్పుడు మా బయోటిన్ సంగతి. అదే పరీక్షల్లో థైరాయిడ్ అతిగా పనిచేస్తున్నట్టు వచ్చింది. మళ్లీ గుండెల్లో రాయి! డాక్టరమ్మ కంగారు పడలేదు. "మాత్రలేమైనా వాడుతున్నావా?" అంది. బయోటిన్ అని చెప్పగానే, కొద్ది రోజులు ఆపేసి మళ్లీ పరీక్ష చేయించమంది. చేయిస్తే థైరాయిడ్ నిక్షేపంలా ఉంది! బయోటిన్ ఎక్కువ మోతాదులో వాడితే కొన్ని రక్త పరీక్షల్లో తప్పు ఫలితాలు వస్తాయని అమెరికా ఎఫ్‌డీఏ 2017లోనే హెచ్చరించింది. గుండెపోటును పట్టే ట్రోపోనిన్ పరీక్ష కూడా అందులో ఉంది. ఆ పరీక్షలో ఫలితం తప్పుగా తక్కువ చూపించి, బయోటిన్ వాడుతున్న ఒక రోగి చనిపోయినట్టు కూడా ఆ హెచ్చరికలో ఉంది. ఒంట్లో బయోటిన్ లోపం లేనివాళ్లకి ఆ మాత్రలతో జుట్టు పెరుగుతుందనడానికి గట్టి రుజువూ లేదట. మంచి చేద్దామని మేం కొనిచ్చిన డబ్బా ఆవిడకి ఇంకో జబ్బు అంటగట్టబోయింది. ఆ రోజు తలలు దించుకున్నాం.

తెనాలికి కబురు

ఇక అమ్మగారికి చెప్పాలి. ఈసారి మాకు భయం లేదు. నలుగురం కూర్చుని వీడియో కాల్ చేశాం. వెంట్రుకల లెక్కలు ఆవిడకి పట్టలేదు. అప్పుడు మా స్నేహితురాలు అడిగింది: "అమ్మా, నీకు ఇంటర్‌లో టైఫాయిడ్ వచ్చిందని చెప్పేదానివి కదా. జుట్టెప్పుడు ఊడింది?"

ఆవిడ కాసేపు ఆలోచించారు. "జ్వరం తగ్గి, తిరిగి కాలేజీకి వెళ్లాక. సంక్రాంతికి వస్తే దసరా తర్వాత... కాదు కాదు, ఉగాది దాటాక. మళ్లీ వచ్చిందిలే, ముందుకంటే ఒత్తుగా" అన్నారు. అని, ఆగిపోయారు. "ఇదీ అదేనా?"

అదే! బాలింతలకి మూడో నెల దాటాక ఊడేదీ అదే. 2020, 2021లో కరోనా తగ్గిన రెండు మూడు నెలలకి ఎంతోమందికి ఊడిందీ అదే. మన ఇళ్లలో పెద్దవాళ్లందరికీ తెలిసిన విషయమే ఇది. ఆపరేషన్‌కి కూడా వర్తిస్తుందని ఎవరికీ తోచలేదంతే.

అప్పుడు ఆవిడ తల మీద కొంగు తీశారు. నున్నటి గుండు. "నీకేం కాకూడదని మొక్కుకున్నా. కిందటి వారం కొండకి వెళ్లి తలనీలాలు ఇచ్చేసి వచ్చా" అన్నారు మామూలుగా. మా స్నేహితురాలు ఫోన్ బల్ల మీద పెట్టేసి బావురుమంది. మేమూ అంతే.

ఆ తర్వాత ప్రతి ఆదివారం తల్లీకూతుళ్లది ఒకటే ముచ్చట. ఎవరిది ఎంత పెరిగిందని. వెంట్రుక నెలకి ఇంచుమించు ఒక సెంటీమీటరు పెరుగుతుంది. తెనాలిలోనైనా, షామ్‌బర్గ్‌లోనైనా లెక్క ఒకటే. మార్చికి ఊడటం తగ్గింది. ఏప్రిల్‌లో పాపిట వెంబడి, నుదుటి దగ్గర పొట్టి వెంట్రుకలు నిక్కబొడుచుకుని లేచాయి. వాటిని జెల్ పెట్టి అణచబోతే "ఉండనీ, అవే కదా మనకి కావాల్సింది!" అని అరిచాం. జడ మునుపటిలా చేతి నిండుగా రావడానికి ఏడాది దాటింది.

మరచిపోవద్దు

ఆపరేషన్ అయినవాళ్లకి జుట్టు ఊడితే ముందు వెనక్కి మూడు నెలలు లెక్కపెట్టండి. మామూలుగా మూడు నుంచి ఆరు నెలల్లో తగ్గిపోతుంది. ఆర్నెల్లు దాటినా తగ్గకపోతే, పేనుకొరుకుడులా గుండ్రటి మచ్చలు పడితే, తల మీద ఎర్రదనం, పొట్టు, నొప్పి ఉంటే డాక్టరుకి చూపించాల్సిందే. ఊడుతుందని తల స్నానం మానొద్దు. ఈ రోజు రాలకపోతే రేపు రెండింతలు రాలుతుంది, అంతే. రక్తం పలచబడే మందులు, బీపీ మందులు కొన్ని కూడా జుట్టుని రాలుస్తాయి. అలాగని మీ అంతట మీరు వాటిని ఆపొద్దు, ప్రాణం మీదికి వస్తుంది. రక్త పరీక్షకి వెళ్లేటప్పుడు విటమిన్ మాత్రలతో సహా వాడేవన్నీ చెప్పండి.

ఇంకొక్క మాట. మొన్న వేసవిలో మాలో ఇంకొకరికి పిత్తాశయం తీశారు. హాస్పిటల్‌కి వెళ్లేముందు రోజే ఇండియాకి ఫోన్ చేసి, "అమ్మా, మూడు నెలలయ్యాక నాకు జుట్టు ఊడొచ్చు. ఊడితే ఏం భయపడకు" అని చెప్పి మరీ వెళ్లింది. చెప్పినంతా ఊడలేదు. అయినా ఆ తల్లి ఆ మూడు నెలలూ నిశ్చింతగా నిద్రపోయింది.