ముల్కీ కొడుకు, గైర్ ముల్కీ తండ్రి

జామియా ఉస్మానియా స్టేషన్‌లో ఎంఎంటీఎస్ దిగి అడిక్‌మెట్ గల్లీల్లోకి నడిస్తే గేట్లకు వేలాడే అట్టముక్కలు కనిపిస్తాయి. ‘టు లెట్, బ్యాచిలర్లకు’ అని. నగరంలో మిగతాచోట్ల పెళ్లికాని కుర్రాళ్లంటే తలుపేసుకునే ఓనర్లే ఎక్కువ. ఇక్కడ వాళ్ల అద్దెల మీదే చాలా ఇళ్లు నడుస్తాయి. డాబా మీద ఒక గది, గదిలో ముగ్గురు, మూలన గ్యాస్ పొయ్యి, రైస్ కుక్కర్, గోడకు తెలంగాణ మ్యాపు, దాని కింద నడుమెత్తున పేర్చిన పోటీ పరీక్షల పుస్తకాలు. పట్టాలకు అవతల యూనివర్సిటీ. ఫ్లైఓవర్ ఎక్కి దిగితే క్యాంపస్. పీజీ అయిపోయి, హాస్టల్ సీటు పోయి, కొన్నాళ్లు దోస్తుల గదుల్లో నాన్ బోర్డరుగా తలదాచుకుని, అదీ కుదరనప్పుడు పిల్లలు పట్టాలు దాటి ఇటు వస్తారు. ఏడాది ఉందామని వచ్చి ఐదారేళ్లు ఉండిపోతారు.

అలాంటి ఒక గదిలో జగిత్యాల జిల్లా అబ్బాయి పక్కన కూర్చున్నాను. ముప్పై దగ్గర పడుతున్నాడు. గ్రూప్-2 నాలుగో పేపరు, తెలంగాణ ఉద్యమ చరిత్ర చదువుతున్నాడు. పుస్తకం 1919 నాటి ముల్కీ ఫర్మానా దగ్గర తెరిచి ఉంది. పెన్సిల్‌తో గీతలు గీసి గీసి ఆ పేజీ నల్లబడింది. ఇదంతా నోటికొచ్చి ఉంటుంది కదా అన్నాను. తలూపి, పుస్తకం మూసి, “నేనిక్కడ ముల్కీ సార్. మా బాపు అక్కడ గైర్ ముల్కీ” అన్నాడు. ముల్కీ అంటే స్థానికుడు, గైర్ ముల్కీ అంటే బయటివాడు. వాళ్ల బాపు ఖతార్‌లో ఉంటాడు.

ఆ రోజు నుంచి ఆ మాట నన్ను వదల్లేదు.

ఈ నేల చరిత్ర తెలిస్తే ఆ మాట బరువు తెలుస్తుంది. అడిక్‌మెట్ ఒకప్పుడు కవయిత్రి మహ్‌లఖా బాయి చందా జాగీరు. ఆ నేల మీదే తర్వాత ఉస్మానియా క్యాంపస్ లేచింది. అప్పటి హైదరాబాద్ సంస్థానం కొలువులకు బయటివాళ్ల మీద ఆధారపడ్డ రాజ్యం. పంతొమ్మిదో శతాబ్దంలో మొదటి సాలార్‌జంగ్ పాలనను దిద్దడానికి ఉత్తరాది నుంచి చదువుకున్నవాళ్లను పిలిపించాడు. సైన్యంలోకి యెమెన్‌లోని హద్రమౌత్ నుంచి అరబ్బులు వచ్చారు. వాళ్లు దిగిన బ్యారక్సే ఇవాళ్టి బార్కాస్. ఆఫ్రికా నుంచి వచ్చిన సిద్దీల రౌతుదళం పేరు ఏసీ గార్డ్స్‌లో నిలిచింది. ఎడారి దేశంలో బతుకు కుదరక, జీతం కోసం సముద్రం దాటి అరబ్బులు మన హైదరాబాద్‌కు వచ్చిన కాలమది. అరబ్బు దేశంలో కూలి చేస్తున్న కొడుకుల ఊళ్లు ఈ సంగతి గుర్తుపెట్టుకోవాలని నాకు అనిపిస్తుంది.

మరి ఇక్కడ పుట్టినవాడికో? ఆ ప్రశ్న నుంచే 1918లో ఉస్మానియా విశ్వవిద్యాలయం, ఆ మరుసటి ఏడు ముల్కీ ఫర్మానా వచ్చాయి. సంస్థానంలో పుట్టినవాడో, పదిహేనేళ్లు స్థిరంగా ఉన్నవాడో ముల్కీ. కొలువు ముందు అతనికి. ముల్కీలను తయారుచేసే ఆ విద్యాలయానికి పుస్తకాలు తర్జుమా చేయడానికి మళ్లీ ఉత్తరాది పండితులే రావలసి వచ్చింది. ఆర్ట్స్ కాలేజీ భవనానికి రూపం గీసినవాడు ఎర్నెస్ట్ జాస్పర్ అనే బెల్జియం వాస్తుశిల్పి. 1939లో అది తెరుచుకుంది. బయటినుంచి సాయం తెచ్చుకుని బయటివాళ్ల అవసరం తీరిపోవాలని కోరుకోవడం తప్పేమీ కాదు. ఏ దేశమైనా అట్లాగే నిలబడుతుంది.

తర్వాతి కథ ఈ గదుల్లో పిల్లలందరికీ కంఠతా వచ్చు. 1952లో ‘నాన్ ముల్కీ గో బ్యాక్’, సిటీ కాలేజీ దగ్గర కాల్పులు. 1956 పెద్దమనుషుల ఒప్పందం. 1969లో ఇదే క్యాంపస్ నుంచి ఎగసిన మంట. 1973లో ఆరు సూత్రాలు, 1975లో రాష్ట్రపతి ఉత్తర్వులు, 1985లో 610 జీవో. ఆపైన 2009 చలికాలం, ఆర్ట్స్ కాలేజీ మెట్లు, చనిపోయిన పిల్లలు. నీళ్లు, నిధులు, నియామకాలు అనే మూడు మాటల్లో మూడోది ఈ గల్లీల మాట. 2014లో రాష్ట్రం వచ్చింది. 2018 నాటి కొత్త రాష్ట్రపతి ఉత్తర్వులతో 95 శాతం కొలువులు స్థానికులకే అని రాసుకున్నాం. వందేళ్ల కోరిక కాగితం మీద తీరింది.

సరిగ్గా అదే కోరిక సముద్రం అవతల కూడా పుట్టింది.

1973లో చమురు ధర ఒక్కసారిగా పెరిగాక గల్ఫ్ దేశాలకు రోడ్లు, ఓడరేవులు, నగరాలు కట్టే డబ్బు వచ్చింది, కట్టే చేతులు లేవు. కరీంనగర్, నిజామాబాద్ పల్లెలు అప్పటికే బొంబాయి, భీవండి దారి పట్టి ఉన్నాయి. బొంబాయి దాకా పోయినవాడికి అక్కడి ఏజెంటు దుబాయి చూపించాడు. నీళ్లు లేని భూమి, అప్పు మీద వేసిన బోరు, అందులోంచి లేచిన దుమ్ము, ఆ తర్వాత పాస్‌పోర్టు. ఇవాళ ఆరు గల్ఫ్ దేశాల్లో సుమారు 90 లక్షల మంది భారతీయులున్నారు. ఖతార్‌లో, ఎమిరేట్స్‌లో పదిమంది మనుషుల్ని తీసుకుంటే అందులో ఆ దేశ పౌరుడు ఒక్కడు. పాలబూతు నుంచి విమానాశ్రయం దాకా మిగతా తొమ్మిదిమందే నడుపుతారు. సొంత పిల్లలు చదువుకుని కొలువు లేక కూర్చుంటే అక్కడి ప్రభుత్వాలకూ కంటగింపుగానే ఉంటుంది. అందుకే ఒమన్ 1988 నుంచే స్థానికులకు కోటాలు పెడుతూ వచ్చింది. 2011లో సౌదీ ‘నితాఖత్’ తెచ్చింది.

ఆ పద్ధతి తెలిస్తేగాని మనవాళ్లు ఎట్లా చిక్కుకున్నారో అర్థం కాదు. సౌదీ ఉద్యోగులు ఎంతమంది ఉన్నారనే లెక్కతో ప్రతి కంపెనీకీ ఒక రంగు ఇచ్చారు. ఎరుపులో పడ్డ కంపెనీ తన దగ్గరున్న విదేశీ కార్మికుడి అకామా, అంటే నివాస కార్డు, రిన్యువల్ చేయించలేదు. అకామా పోతే మనిషి కల్లివెల్లి అవుతాడు. చట్టం కళ్లకు కనపడకుండా బతకాల్సినవాడని అర్థం. వీళ్లకంటే ఎక్కువగా దెబ్బతిన్నది ‘అజాద్ వీసా’ వాళ్లు. ఒక కఫీల్, అంటే స్పాన్సరు, పేరు మీద వీసా కొనుక్కుని, ఏటా అతనికి డబ్బు కట్టి, పని మాత్రం ఎక్కడ దొరికితే అక్కడ చేసుకునే ఏర్పాటు అది. పేరులో స్వేచ్ఛ ఉంది గాని చట్టంలో అట్లాంటి వీసానే లేదు. 2013 వేసవిలో క్షమాభిక్ష గడువు ఇచ్చి, నవంబరు 4 నుంచి తనిఖీలు మొదలుపెట్టారు. పాస్‌పోర్టు కఫీల్ దగ్గర ఉండిపోయినవాళ్లు రాయబార కార్యాలయం ముందు బారులు కట్టి ఔట్‌పాస్ తీసుకున్నారు. లక్షమందికి పైగా భారతీయులు ఆ ఏడాది తిరిగొచ్చారు.

ఈ అబ్బాయి తండ్రి వాళ్లలో ఒకడు. పదకొండేళ్లు సౌదీలో ఉండి, ఒక చేతి సంచితో శంషాబాద్‌లో దిగాడట. పెద్ద పెట్టె లేకుండా బాపును చూడటం అదే మొదటిసారి అన్నాడు కొడుకు. ఇంటర్ చదువుతున్నాడు అప్పుడు. వీసాకు చేసిన అప్పు ఇంకా తీరలేదు. నూటికి రెండు రూపాయల వడ్డీకి మళ్లీ తెచ్చి తండ్రి ఖతార్ పోయాడు. ప్రపంచ కప్ స్టేడియాల కాలమది, పని దొరికింది. 2022 డిసెంబరులో ఆటలు ముగిశాయి. 2024లో ఖతార్ కూడా ప్రైవేటు కొలువుల్లో తన పౌరులకు ముందు వరస ఇచ్చే చట్టం చేసుకుంది.

అయినా తండ్రి పని పోలేదు. ఎందుకు పోలేదో ఆలోచిస్తే గుండె బరువెక్కుతుంది. సౌదీ 2016లో సెల్‌ఫోన్ దుకాణాలన్నీ సౌదీలకే అంది. ఎమిరేట్స్ 2022 నుంచి, యాభైమంది, అంతకు మించి ఉన్న కంపెనీలు నైపుణ్యం గల కొలువుల్లో ఏటా రెండు శాతం చొప్పున తమ పౌరుల్ని పెంచుకుంటూ పోవాలంది. లెక్కల ఉద్యోగం, కౌంటరు ఉద్యోగం, ఆఫీసు ఉద్యోగం. స్థానికత వచ్చి కూర్చునేది వీటి మీద. పార, తట్ట, చీపురు పట్టే పనిని ఏ దేశమూ తన పిల్లల కోసం తిరిగి అడగదు. అంటే ఇరవై ఏళ్లు చెమటోడ్చి కొడుకును చదివించిన తండ్రికి అక్కడ చోటుంది, చదువుకున్న కొడుకు పోతే మాత్రం చోటు తగ్గిపోతోంది.

ఆ గది కిటికీలోంచి చూస్తే ఎదురుగా పాత పెంకుటిల్లు కూల్చి ఐదంతస్తులు లేపుతున్నారు. సెంట్రింగ్ వాళ్లు బిహార్ నుంచి, ఇటుక మోసే ఆలుమగలు ఒడిశా నుంచి వచ్చారు. రాత్రిపూట ఆ పిల్లర్ల మధ్యే వండుకుని పడుకుంటారు. ఈ గదిలోని ముగ్గురిలో ఒక్కరూ ఆ పని కోసం ఉద్యమించలేదు, నేనూ ఎన్నడూ అడగలేదు. మనం స్థానికులకే అని రాసుకున్న 95 శాతంలో ఆ పార లేదు. కరోనా లాక్‌డౌన్‌లో, 2020 మే 1న, దేశంలో మొట్టమొదటి శ్రామిక్ రైలు లింగంపల్లి నుంచే జార్ఖండ్‌లోని హటియాకు బయల్దేరింది. అదే నెలలో కువైట్ నుంచి మనవాళ్లను మోసుకుని విమానం శంషాబాద్‌లో దిగింది. ఒకే నగరం, ఒకే నెల. మనకు కట్టిపెట్టినవాళ్లు అటు పోయారు, పరాయివాళ్లకు కట్టిపెట్టినవాళ్లు ఇటు వచ్చారు. తెలంగాణ ఒక చేత్తో కూలీని పంపుతుంది, ఇంకో చేత్తో కూలీని రప్పించుకుంటుంది. మా బిడ్డలను గల్ఫ్‌లో మనుషులుగా చూడండి అని అడిగే నోటితోనే, లింగంపల్లి రైలెక్కిన మనిషికి ఇక్కడ ఏ హక్కులు ఇచ్చామో కూడా మనం చెప్పగలగాలి.

కొడుకు సంగతికొస్తే, స్థానికుడన్న హక్కు అతని చేతిలో ఉన్నా కొలువు చేతికి రావడంలేదు. 2022 ఏప్రిల్‌లో 503 పోస్టులతో గ్రూప్-1 నోటిఫికేషన్ వచ్చింది. అక్టోబరులో ప్రిలిమ్స్ రాశాడు. పేపర్ లీకైందని మార్చిలో రద్దు చేశారు. 2023 జూన్‌లో మళ్లీ రాశాడు. దాన్ని హైకోర్టు రద్దు చేసింది. 2024 ఫిబ్రవరిలో పాత నోటిఫికేషనే తీసేసి 563 పోస్టులతో కొత్తది ఇచ్చారు. జూన్‌లో మూడోసారి రాశాడు. మధ్యలో గ్రూప్-4 కూడా రాశాడు. ఎనిమిది వేల పైచిలుకు పోస్టులకు తొమ్మిదిన్నర లక్షల మంది పోటీ. ఒక పరీక్షను మూడుసార్లు రాయడమంటే గది అద్దె, మెస్ బిల్లు, కోచింగ్ ఫీజు కూడా మూడింతలు. అవన్నీ దోహాలో ఒక మనిషి చెమటగా మారతాయి.

ఆ చెమట ధర కూడా చెప్పాలి. 2021 మార్చి నుంచి ఖతార్‌లో కనీస వేతనం నెలకు వెయ్యి రియాళ్లు, మన లెక్కలో ఇరవై వేల రూపాయల పైచిలుకు. తిండి, బస కంపెనీ చూడకపోతే ఇంకో ఎనిమిది వందలు. దానికి కొన్ని నెలల ముందే, 2020 సెప్టెంబరులో, మన కేంద్ర ప్రభుత్వం గల్ఫ్ దేశాలకు చెప్పే కనీస రెఫరల్ వేతనాన్ని 30 నుంచి 50 శాతం దాకా కోసేసింది. ఖతార్‌కు 200 డాలర్లు చాలంది. కరోనాలో ఉద్యోగాలు పోకుండా అని కారణం చెప్పారు. వలస కార్మికుల తరఫున తెలంగాణ హైకోర్టుకు పోయినవాళ్లున్నారు. 2021 జులైలో ఆ ఉత్తర్వులు వెనక్కి తీసుకున్నారు. మన మనిషి ధరను మనమే తగ్గించిన ఆ పది నెలలను నేను క్షమించలేను.

ఇంతకూ తెలంగాణ నుంచి ఎంతమంది పోయారు? కచ్చితంగా ఎవరూ చెప్పలేరు. పదో తరగతి పాసుకానివాడి పాస్‌పోర్టుకే ఎమిగ్రేషన్ క్లియరెన్సు కావాలి, ప్రభుత్వానికి దొరికే లెక్క దానిదే. పది పాసైనవాడు ఆ లెక్కలో పడడు. విజిట్ వీసా మీద పోయి అక్కడే పని వెతుక్కున్నవాడూ పడడు. కేరళ 1996లోనే ప్రవాసులకు ‘నోర్కా’ అనే ప్రత్యేక శాఖ పెట్టుకుని, 1998 నుంచి వరసగా వలస సర్వేలు చేయిస్తోంది. ఎవరు పోయారు, ఎంత పంపారు, తిరిగొచ్చి ఏం చేస్తున్నారు అన్నది వాళ్ల దగ్గర కాగితం మీద ఉంది. మనకు అట్లాంటి సర్వే లేదు. గల్ఫ్‌లో చనిపోయినవారి కుటుంబానికి ఐదు లక్షలు ఇవ్వాలని రాష్ట్ర ప్రభుత్వం 2024లో నిర్ణయించింది. మంచి పని, ఎన్నో ఏళ్ల పోరాటం మీద వచ్చింది. కానీ బతికి తిరిగొచ్చినవాడికి ఏముంది? యాభై రెండేళ్ల వయసులో, మోకాళ్లు అరిగి, చేతి సంచితో దిగినవాడు ఏ ఆఫీసు తలుపు తట్టాలి? ముందు ఆ తలుపు కట్టాలి. పరీక్షల తేదీలు చెప్పిన రోజున చెప్పినట్టు జరగాలి. ఈ రెండూ రెండు శాఖల పనులుగా ఫైళ్లలో ఉంటాయి. ఒకే ఇంట్లో తండ్రికీ కొడుక్కీ మాత్రం అవి ఒకే అప్పు.

మొన్న శుక్రవారం మధ్యాహ్నం నేను ఆ గదిలో ఉండగా ఫోన్ మోగింది. ఖతార్‌లో శుక్రవారం సెలవు. మనకంటే రెండున్నర గంటలు వెనక కాబట్టి అక్కడ పొద్దు ఇంకా నెత్తిమీదికి రాలేదు. అబ్బాయి ఫోన్ స్పీకర్‌లో పెట్టి, వండిన అన్నం దింపుతూ మాట్లాడాడు. వెనక కుక్కర్లు, గిన్నెలు, ఎవరివో తెలుగు మాటలు. అక్కడా అట్లాంటి గదే, పైన పది మంచాలు ఎక్కువ.

“నోటిఫికేషన్ పడ్డదా బిడ్డా?”

“పడ్తది బాపూ. నీ ఐడీ రిన్యువల్ అయిందా?”

“అయితది.”

కాసేపు ఇద్దరూ ఏమీ మాట్లాడలేదు. తర్వాత తండ్రి ఇవాళ కూరేమిటని అడిగాడు.