ఆట చెవికి చేరే దారులు

అమెరికాలో డాలస్ దగ్గరి ఫ్రిస్కో, ప్లేనో, అర్వింగ్ ఊళ్లలో తెలుగువాళ్లు పెద్ద సంఖ్యలో స్థిరపడ్డారు. ఫ్రిస్కోలో రఫ్‌రైడర్స్ అనే చిన్న లీగ్ బేస్‌బాల్ జట్టు ఉంది. అక్కడ రాటుదేలిన కుర్రాళ్లలో కొందరు పై మెట్టెక్కి, ఆర్లింగ్టన్‌లో ఆడే టెక్సస్ రేంజర్స్ జట్టులో చేరతారు. 2023లో రేంజర్స్ తమ చరిత్రలో మొదటిసారి వరల్డ్ సిరీస్ గెలిచింది. ఇంట్లో పిల్లలు ఆ జట్టు టోపీ పెట్టుకు తిరుగుతుంటే, క్రికెట్ తప్ప మరో ఆట ఎరగని పెద్దలకు కూడా ఆ గెలుపోటములు పట్టించుకోవాలనిపిస్తుంది.

అయితే ఈ ఆటను వెంబడించడం అంత తేలిక కాదు. మార్చి చివర్లో మొదలై సెప్టెంబరు చివరి దాకా ఒక్కో జట్టు 162 ఆటలు ఆడుతుంది. వాటిలో 81 పరాయి ఊళ్లలోనే. వారానికి ఐదారు రోజులు ఆట ఉన్నట్టే. అన్నిటికీ టికెట్లు కొనలేం. రోజూ రెండున్నర గంటలు టీవీ ముందు కూర్చోలేం. వంట చేస్తూనో, కారు నడుపుతూనో, బట్టలు మడత పెడుతూనో ఆటలో ఉండాలంటే చెవే దిక్కు. ఆ చెవికి ఆట చేరే దారులు ఇప్పుడు చాలానే ఉన్నాయి. ఏ దారి ఎంత దూరం వస్తుంది, ఎంత ఖర్చవుతుంది, ఎక్కడ చిక్కు పెడుతుంది అన్నది తెలిస్తే ఎవరికి వారు తమకు సరిపడేది ఎంచుకోవచ్చు.

మాటకు లొంగే ఆట

ముందు ఒక సందేహం తీర్చుకోవాలి. చూడకుండా వింటే ఈ ఆట అర్థమవుతుందా? బాగా అర్థమవుతుంది. ఫుట్‌బాల్‌లో బంతి క్షణం ఆగదు. బేస్‌బాల్‌లో ప్రతి బంతికీ ఒక మొదలు, ఒక ముగింపు ఉంటాయి. ఫీల్డర్లు నిలబడే చోట్లు దాదాపు స్థిరంగా ఉంటాయి. బంతికీ బంతికీ మధ్య కొద్ది సెకన్ల విరామం దొరుకుతుంది. జరిగింది చెప్పడానికీ, జరగబోయేది ఊహించడానికీ, ఆ ఆటగాడి కథ నాలుగు ముక్కల్లో వినిపించడానికీ వ్యాఖ్యాతకు ఆ విరామం చాలు. 2023లో పిచర్ ఎంతసేపట్లో బంతి వేయాలో గడియారం పెట్టి కట్టడి చేశాక ఆ విరామాలు తగ్గాయి. అప్పటిదాకా మూడు గంటలు దాటుతున్న సగటు ఆట రెండు గంటల నలభై నిమిషాలకు వచ్చింది. వినేవాళ్లకు అదీ మేలే అయింది.

ఈ సంబంధం ఇప్పటిది కాదు. 1921 ఆగస్టు 5న పిట్స్‌బర్గ్‌లోని కేడీకేఏ కేంద్రం తొలిసారి ఒక పెద్ద లీగ్ ఆటను రేడియోలో ప్రసారం చేసింది. హెరాల్డ్ ఆర్లిన్ అనే యువకుడు ఫోర్బ్స్ ఫీల్డ్ మైదానంలో ప్రేక్షకుల మధ్య కూర్చుని, టెలిఫోన్‌ను మైకుగా మార్చుకుని ఆట చెప్పాడు. రేడియోలో వినిపిస్తే టికెట్లు ఎవరు కొంటారని చాలామంది జట్ల యజమానులు భయపడ్డారు. న్యూయార్క్‌లోని మూడు జట్లూ కలిసి 1934 నుంచి 1938 దాకా తమ ఆటలు ప్రసారం కానివ్వలేదు. 1939లో బ్రూక్లిన్ డాడ్జర్స్ ఆ కట్టు తెంచుకుని రెడ్ బార్బర్‌ను వ్యాఖ్యాతగా తెచ్చుకుంది. స్కోరు చెప్పడం మరిచిపోకుండా ఆయన మూడు నిమిషాల ఇసుక గడియారం ఎదురుగా పెట్టుకునేవాడు. ఇసుక అయిపోగానే స్కోరు చెప్పి దాన్ని తిరగేసేవాడు. మధ్యలో రేడియో పెట్టినవాళ్ల కోసం పడ్డ తపన అది. ఈనాటి వ్యాఖ్యాతలు కూడా స్కోరును తరచుగా చెబుతారు.

ఊళ్లో ఉంటే: ఎఫ్ఎం

మీరు జట్టు సొంత ప్రాంతంలోనే ఉంటే మొదట చూడాల్సింది మామూలు రేడియో. ప్రతి జట్టుకూ ఒక ప్రధాన కేంద్రం ఉంటుంది. రేంజర్స్‌కు ఇటీవలి సీజన్లలో అది 105.3 ఎఫ్ఎం, ‘ది ఫ్యాన్’. దీనికి చందా లేదు, డేటా ఖర్చు లేదు, ఖాతా తెరవక్కర్లేదు. గాలివానకు కరెంటు పోయినా బ్యాటరీ రేడియో పలుకుతూనే ఉంటుంది.

ఎఫ్ఎంకు హద్దు దూరమే. దాని తరంగాలు దాదాపు నేరుగా సాగుతాయి కాబట్టి భూమి వంపు దాటి ఎక్కువ దూరం పోలేవు. పెద్ద టవరైనా వంద కిలోమీటర్లు దాటేసరికి గరగర మొదలవుతుంది. అందుకే జట్లు చుట్టుపక్కల ఊళ్లలోని చిన్న కేంద్రాలను కలుపుకుని ఒక నెట్‌వర్క్ నడుపుతాయి. డాలస్ నుంచి దూరపు ఊరికి కారులో వెళ్తుంటే మధ్యలో ఆట పోతుంది, ఇంకో నంబరు మీద మళ్లీ దొరుకుతుంది. జట్టు అధికారిక వెబ్‌సైట్‌లో ఏ ఊరికి ఏ కేంద్రమో జాబితా ఉంటుంది. ప్రయాణానికి ముందు అది చూసుకుంటే దారి పొడవునా ఆట చేజారదు.

చీకటి పడ్డాక: మీడియం వేవ్

అమెరికన్లు ఏఎం అనేది మన రేడియోల్లో మీడియం వేవ్. మన హైదరాబాద్, విజయవాడ ఆకాశవాణి కేంద్రాలు దశాబ్దాలుగా వినిపించింది ఆ పట్టీలోనే. దీనికొక విచిత్ర గుణముంది. పగలు ఎండ వల్ల వాతావరణం పై పొరల్లో, భూమికి సుమారు 60 నుంచి 90 కిలోమీటర్ల ఎత్తున, విద్యుదావేశమున్న ఒక పొర ఏర్పడి ఈ తరంగాలను మింగేస్తుంది. పొద్దు గుంకగానే ఆ పొర చెదిరిపోతుంది. అప్పుడు తరంగాలు ఇంకా పైకి వెళ్లి, అక్కడి పొరలకు తగిలి వందల కిలోమీటర్ల అవతల నేలకు దిగుతాయి. పగలు ఒక జిల్లాకే పరిమితమైన కేంద్రం రాత్రి ఐదారు రాష్ట్రాలకు వినిపిస్తుంది.

సెయింట్ లూయిస్‌లోని కేఎంఓఎక్స్ 1120 ఇందుకు మంచి ఉదాహరణ. 50,000 వాట్ల శక్తితో ఆ కేంద్రం కార్డినల్స్ ఆటలను రాత్రిపూట దేశం నడిబొడ్డంతా వినిపించేది. 1950లలో అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో పెద్ద లీగ్ జట్టు ఒక్కటీ లేదు. అర్కాన్సాస్, టెనెసీ పల్లెల్లో రాత్రి రేడియో తిప్పితే దొరికింది కార్డినల్స్ ఆటే. దాంతో ఆ జట్టే వాళ్ల జట్టయింది. సెయింట్ లూయిస్ ఎన్నడూ చూడని కుటుంబాల్లో కూడా ఆ అభిమానం తరం నుంచి తరానికి దిగింది. ఒక జట్టుకు ఎక్కడెక్కడ అభిమానులున్నారో నిర్ణయించినవాటిలో రేడియో టవరు శక్తి కూడా ఒకటన్నమాట.

ఏఎం పట్టుకోవాలంటే రెండు చిట్కాలు. ఈ రేడియోలకు యాంటెనా లోపలే, అడ్డంగా పెట్టిన కడ్డీలా ఉంటుంది. కాబట్టి బయటి పుల్ల లాగితే లాభం లేదు, రేడియోనే మెల్లగా తిప్పి చూడాలి. ఫోన్ ఛార్జర్లకూ ఎల్ఈడీ దీపాలకూ దూరంగా, కిటికీ దగ్గర పెట్టాలి. కొత్త ఎలక్ట్రిక్ కార్లలో కొన్నిటికి ఏఎం ఉండదు. మోటారు రొద ఆ తరంగాలను చెడగొడుతుందని తయారీదారులు తీసేశారు. కారు కొనేముందు ఈ సంగతి అడగడం మంచిది.

ఎక్కడున్నా: యాప్, ఉపగ్రహ రేడియో

జట్టు ప్రాంతం దాటి ఉన్నవాళ్లకు నమ్మకమైన దారి మేజర్ లీగ్ బేస్‌బాల్ వారి సొంత యాప్, ఎంఎల్‌బీ. అందులో వినడానికి మాత్రమే చందా వేరుగా దొరుకుతుంది. చూసే చందాతో పోలిస్తే అది చాలా తక్కువ. మొత్తం 30 జట్ల ప్రసారాలూ ఉంటాయి. ప్రతి ఆటకూ ఆతిథ్య జట్టు వ్యాఖ్యానం వినాలో, అతిథి జట్టుది వినాలో మీరే ఎంచుకోవచ్చు. కొన్ని జట్లకు స్పానిష్ వ్యాఖ్యానం కూడా ఉంటుంది. చూసే చందా ఉన్నవాళ్లకు వినే సౌకర్యం అందులోనే కలిసి వస్తుంది.

ఇక్కడే చాలామంది తికమక పడతారు. వీడియోకు స్థానిక ఆంక్షలుంటాయి. డాలస్‌లో ఉండి రేంజర్స్ ఆటను లీగ్ సాధారణ వీడియో చందాతో చూద్దామంటే తెర మూసుకుపోతుంది, ఆ ప్రాంతపు టీవీ హక్కులు విడిగా అమ్ముడవుతాయి కాబట్టి. ఆ హక్కులు కూడా స్థిరంగా లేవు. రేంజర్స్ సహా పలు జట్ల ఆటలు చూపిస్తూ వచ్చిన డైమండ్ స్పోర్ట్స్ సంస్థ 2023 మార్చిలో దివాలా రక్షణ కోరింది. 2025కి రేంజర్స్ సొంత టీవీ నెట్‌వర్క్ పెట్టుకుంది. వినే చందాకు ఈ గొడవేదీ అంటదు. డాలస్‌లో ఉన్నా డెట్రాయిట్‌లో ఉన్నా అది ఒకేలా పలుకుతుంది.

రేడియో కేంద్రం సొంత వెబ్‌సైట్‌లో ఉచితంగా వినొచ్చు కదా అని మరికొందరు వెతుకుతారు. ఆట మొదలయ్యేసరికి అక్కడ తరచుగా వేరే కార్యక్రమం వస్తుంది. గాలిలో ప్రసారం చేసే హక్కు వేరు, ఇంటర్నెట్‌లో వినిపించే హక్కు వేరు. రెండోదాన్ని లీగ్ తన చేతిలో ఉంచుకుంది. కొన్ని చోట్ల అనుమతి ఉన్నా అది స్థానిక పరిధి వరకే. అందుకని ఆట వినిపించకపోతే మీ ఫోన్ చెడిపోయిందని అనుకోవద్దు.

ఎక్కువగా కారులో తిరిగేవాళ్లకు సిరియస్ ఎక్స్ఎం ఉపగ్రహ రేడియో ఉంది. సిగ్నల్ పైనుంచి దిగుతుంది కాబట్టి మొబైల్ టవర్లు లేని ఎడారి రోడ్డు మీద కూడా ఆట ఆగదు. సొరంగంలోనో, పార్కింగ్ గ్యారేజీలోనో మాత్రం తెగిపోతుంది. దీనికీ చందా కట్టాలి. కొత్త కారుతో కొన్నాళ్లు ఉచితంగా రావడం పరిపాటి.

చందా ఏదీ వద్దనుకుంటే ఎంఎల్‌బీ యాప్‌లోనే ప్రతి బంతి వివరమూ అక్షరాల్లో, బొమ్మల్లో ఉచితంగా చూపే గేమ్‌డే ఉంది. ఆఫీసు సమావేశాల మధ్య స్కోరు చూసుకోవడానికి అది సరిపోతుంది.

ఆలస్యం

ఇంటర్నెట్ ప్రసారం ఆట వెనక పది సెకన్ల నుంచి నిమిషం దాకా నడుస్తుంది. ఒంటరిగా వింటుంటే ఇబ్బంది లేదు. వాట్సాప్ గ్రూపులో స్నేహితుడు ముందే హోమ్ రన్ అని పెడితే మాత్రం ఉసూరుమనిపిస్తుంది. వినేటప్పుడు నోటిఫికేషన్లు ఆపేయడమే మందు. మైదానంలో కూర్చుని ఇయర్‌ఫోన్‌తో వినాలనుకుంటే యాప్ పనికిరాదు, చిన్న ఎఫ్ఎం రేడియో పట్టుకెళ్లండి. 1958లో డాడ్జర్స్ లాస్ ఏంజిలస్‌కు మారినప్పుడు తాత్కాలికంగా ఆడిన కొలీజియంలో చాలా సీట్లు ఆటకు బాగా దూరం. జనం ట్రాన్సిస్టర్లు తెచ్చుకుని, కళ్లెదుటి ఆటనే విన్ స్కలీ గొంతులో వినేవాళ్లు. స్కలీ 1950 నుంచి 2016 దాకా 67 సీజన్లు ఆ ఒక్క జట్టుకే వ్యాఖ్యానం చెప్పారు.

టీవీ బొమ్మ చూస్తూ రేడియో మాట వినాలన్న కోరిక చాలామందికి ఉంటుంది. రెండు పరికరాలు పెడితే మాటా బొమ్మా కలవవు. ఎంఎల్‌బీ వీడియోలోనే ధ్వనిని రేడియో వ్యాఖ్యానానికి మార్చుకునే వీలుంది. అలా చేస్తే రెండూ కలిసి నడుస్తాయి.

హైదరాబాదులో పొద్దున్నే

డాలస్‌లో కొన్నేళ్లుండి తిరిగొచ్చినవాళ్లకూ, అక్కడి మనవలతో ఆట ముచ్చట్లు చెప్పుకోవాలనుకునే తాతయ్యలకూ, అమ్మమ్మలకూ కూడా యాప్ పనికొస్తుంది. వేసవి గడియారం ప్రకారం డాలస్‌లో సాయంత్రం 7:05కి మొదలయ్యే ఆట మనకు మర్నాడు ఉదయం 5:35కి వస్తుంది. కాఫీతో మొదలుపెడితే టిఫిను వేళకు ముగుస్తుంది. రేంజర్స్ సియాటిల్ లాంటి పడమటి ఊళ్లకు వెళ్లి రాత్రి ఏడింటికి ఆడితే మనకు ఉదయం 7:30. మధ్యాహ్నం 1:35 ఆట మాత్రం అర్ధరాత్రి 12:05కి పడుతుంది. డేటాకు భయపడక్కర్లేదు. సెకనుకు 64 కిలోబిట్ల ధ్వని గంటకు 29 మెగాబైట్లే తీసుకుంటుంది. ఆట మొత్తం వంద మెగాబైట్ల లోపే.

చెవి పట్టాల్సినవి

కొత్తగా వినేవాళ్లు నాలుగు విషయాలు గుర్తుంచుకుంటే చాలు. ఏ ఇన్నింగ్స్, ఎంతమంది ఔట్, ఏ బేస్ మీద ఎవరున్నారు, కౌంట్ ఎంత. ఆటకు తొమ్మిది ఇన్నింగ్స్. ఒక్కో జట్టుకు ఒక్కో ఇన్నింగ్స్‌లో మూడు ఔట్లు. ‘టాప్’ అంటే అతిథి జట్టు బ్యాటింగ్, ‘బాటమ్’ అంటే ఆతిథ్య జట్టుది. కౌంట్‌లో మొదటి అంకె బాల్స్‌ది, రెండోది స్ట్రైక్స్‌ది. నాలుగు బాల్స్ అయితే బ్యాటర్ నడిచి మొదటి బేస్‌కు వెళ్తాడు, మూడు స్ట్రైకులైతే ఔట్. ‘త్రీ అండ్ టూ’ అని వినిపించిందంటే పనులాపి చెవి రిక్కించండి, రెండు వైపులా ఇంకొక్కటే మిగిలింది.

ఇంకొంచెం లోతుకు వెళ్లాలంటే కాగితం మీద స్కోరు రాసుకోండి. పిచర్‌కు 1, క్యాచర్‌కు 2, మొదటి, రెండో, మూడో బేస్‌లకు వరసగా 3, 4, 5, రెండో, మూడో బేస్‌ల మధ్య నిలబడే షార్ట్‌స్టాప్‌కు 6, బయటి ముగ్గురికి 7, 8, 9. షార్ట్‌స్టాప్ బంతి అందుకుని రెండో బేస్‌కు, అక్కడి నుంచి మొదటి బేస్‌కు చేరి ఇద్దరు ఔటైతే 6-4-3 అని రాస్తారు. వింటూ రాసే పిల్లలకు వారం తిరక్కుండా మైదానమంతా కళ్లకు కడుతుంది.

ఎవరి గొంతు వినాలి

ఇన్ని దారుల్లో మీకు ఏది తగినదో మీరున్న చోటే చెబుతుంది. ఊళ్లో ఉంటే ఎఫ్ఎం, దూరాన ఉంటే యాప్, రోడ్డు మీద ఎక్కువుంటే ఉపగ్రహ రేడియో. ఉచితంగా దొరికేదాన్ని ముందు వెతకండి, చాలకపోతేనే డబ్బు కట్టండి. దారి ఏదైనా సరే, మీ జట్టు సొంత వ్యాఖ్యాతల ప్రసారాన్నే ఎంచుకోండి. ఎదుటి జట్టు వ్యాఖ్యాతలు ఎంత గొప్పవాళ్లైనా మీ జట్టును కొద్ది రోజులే చూస్తారు. రేంజర్స్‌తో 1979లో చేరి, దశాబ్దాలపాటు ఆ జట్టు ఆటలు చెప్పి, 2014లో వ్యాఖ్యాతల అత్యున్నత గౌరవమైన ఫోర్డ్ ఫ్రిక్ అవార్డు పొందిన ఎరిక్ నాడెల్ లాంటి మనిషికి ఆ జట్టు ఓటములన్నీ తెలుసు. ఏ కుర్రాడు ఏ దెబ్బ నుంచి కోలుకుని వచ్చాడో, ఆ ఊరి జనం దేనికి పొంగుతారో, దేనికి కుంగుతారో తెలుసు. ఆర్నెల్లపాటు ఆ మాట రోజూ చెవిన పడితే ఆటతో పాటు ఆ ఊరు కూడా మనకు తెలిసివస్తుంది. కొత్త ఊళ్లో కాపురం పెట్టిన కుటుంబానికి ఇరుగుపొరుగుతో మాట కలిపే వీలు ఇంత సులువుగా, ఇంత చవగ్గా ఇచ్చేవి తక్కువ.