గాజుపూసల ఆట – లేని శాస్త్రం నేర్పే పాఠం

లోకంలో లేని శాస్త్రం గురించి తెలుసుకుని ఏం లాభం అని మిత్రులు అడగవచ్చు. మేమూ మొదట అలాగే అనుకున్నాం. సెమిస్టర్ పరీక్షల పుస్తకాల కోసం లైబ్రరీకి వెళ్ళినప్పుడు దొరికిన ఒక నవల మా అభిప్రాయం మార్చింది. అందుకే ఈ నాలుగు మాటలు.

ఆ నవల 'గాజుపూసల ఆట'. రచయిత హెర్మన్ హెస్సే (1877–1962). 'సిద్ధార్థ' నవల రాసినది ఈయనే. ఈయన తల్లి పుట్టింది కేరళలోని తలశ్శేరిలో. తల్లి తండ్రి హెర్మన్ గుండర్ట్ మలయాళ–ఇంగ్లీషు నిఘంటువు కూర్చిన పండితుడు. నాజీల పాలనలో ఉన్న జర్మనీలో ఈ నవల అచ్చుకు అనుమతి దొరకలేదు. 1943లో స్విట్జర్లాండులో వెలువడింది. 1946లో హెస్సేకు నోబెల్ బహుమతి వచ్చింది.

ఏమిటీ ఆట?

కథ కొన్ని వందల ఏళ్ళ తర్వాతి కాలంలో, కాస్టేలియా అనే విద్యాప్రాంతంలో జరుగుతుంది. అక్కడి ఆట మొదట సంగీత విద్యార్థులది. చిన్నపిల్లలు లెక్కలు నేర్చుకునే పూసల చట్రం లాంటిది ఒకటి చేసుకుని, తీగల మీది పూసలను స్వరాలకు గుర్తులుగా పెట్టుకున్నారు. తర్వాత గణితం వారు, భాషాశాస్త్రం వారు ఆ ఆటను తమ చదువులకు వాడుకున్నారు. చివరికి పూసలు పోయి, గుర్తుల భాష మిగిలింది. గ్రహాల స్థితితోనో, బాఖ్ సంగీతంతోనో, ఉపనిషత్తులోని ఒక వాక్యంతోనో ఆట మొదలుపెట్టవచ్చు. పటంలో ఊళ్ళ మధ్య దారులు చూపినట్లు, మనిషికి తెలిసిన విషయాల మధ్య దారులు చూపడమే ఈ ఆట.

దీనికి సంగీతమే ఎందుకు? మన ఊరి భజనలో ఒకరు పాడి ఆపితే మిగతావారు అందుకుంటారు. పాశ్చాత్య సంగీతంలోని 'ఫ్యూగ్'లో మొదటివారు ఆపరు. అదే బాణీని రెండోవారు, మూడోవారు అందుకుంటారు. అన్నీ కలిసి సాగుతాయి, ఏదీ మరొకదానిలో మునిగిపోదు. వేర్వేరు శాస్త్రాలను ఇలా కలిపి వినాలని హెస్సే ఊహ.

ఇది పూర్తిగా గాలిలో పుట్టిన ఊహ కాదు. 1619లో కెప్లర్ తన 'ప్రపంచ సామరస్యం' గ్రంథంలో గ్రహాల వేగాలను స్వరాలుగా లెక్కగట్టాడు. సూర్యుడి దగ్గర భూమి వేగం ఎక్కువ, దూరాన తక్కువ. ఆయన లెక్కలో ఆ నిష్పత్తి సుమారు 16:15. మన సంగీతంలో షడ్జం నుంచి శుద్ధ రిషభానికి ఉన్న దూరం అదే. గ్రహాల పాట నిలవలేదు గాని, మనం ఫిజిక్సులో చదివిన కెప్లర్ మూడవ నియమం ఆ గ్రంథంలోనిదే.

అన్నం పెట్టేది ఎవరు?

కథానాయకుడు జోసెఫ్ క్నెఖ్ట్‌కు నా అనేవాళ్ళు లేరు. ఒక సంగీత గురువు ఆ పిల్లవాడి ప్రతిభ పరీక్షించి కాస్టేలియాకు ఎంపిక చేస్తాడు. దేశం ఖర్చుతో చదివి, క్నెఖ్ట్ ఆ ఆటకే అధిపతి అవుతాడు. అప్పుడు అతడికి ఒక సంగతి గుచ్చుకుంటుంది. మా పటంలో నక్షత్రాలున్నాయి, మాకు అన్నం పెట్టే జనం లేరే అని. పదవి వదిలి, ఒక పిల్లవాడికి చదువు చెప్పడానికి బయటికి వెళతాడు. పాఠం మొదలు కాకముందే కొండల మధ్య చల్లని సరస్సులో మునిగి చనిపోతాడు. క్నెఖ్ట్ అంటే జర్మన్ భాషలో సేవకుడు.

ఈ ఘట్టం చదివి మేము పుస్తకం మూసి కూర్చున్నాం. మా ఇంట్లో డిగ్రీ దాటిన మొదటివాళ్ళం మేమే. ఎం.ఎస్సీ. గణితంలో చేరినప్పుడు, నాట్లకు వెళ్ళి వచ్చిన మా అమ్మ "అదేం చదువు నాయనా, దాంతో ఏం చేస్తారు?" అని అడిగింది. మేము జవాబు చెప్పలేక, నీకు అర్థం కాదులే అన్నాం. తప్పు అమ్మది కాదు. మా పటంలో ఆమె లేదు.

పెద్ద చదువు వద్దని హెస్సే అనలేదు, మేమూ అనడం లేదు. మన మెస్ బిల్లు కట్టేది ప్రజల సొమ్ము. అందులో మన అమ్మానాన్నల చెమట కూడా ఉంది. అందుకే ఈ సెలవుల్లో ఊళ్ళోని పదో తరగతి పిల్లలకు లెక్కలు చెప్పాలని నిర్ణయించుకున్నాం. రోజూ సాయంత్రం, మా ఇంటి అరుగు మీదే. పక్కన మా అమ్మ కూడా కూర్చుని వింటుంది. ఈసారి ఆమె అడిగితే, అర్థమయ్యేదాకా చెబుతాం.