మీకు తెలుసా? పాత కోర్టు కాగితాల్లో పల్లె జనాన్ని వెతికిన చరిత్రకారిణి

పదహారో శతాబ్దపు ఫ్రాన్స్ అనగానే రాజులు, కోటలు, మతయుద్ధాలు గుర్తుకొస్తాయి. నటాలీ జీమన్ డేవిస్ (1928–2023) పుస్తకాలు తెరిస్తే మాత్రం అచ్చు కార్మికులు, రైతు భార్యలు, హత్య చేసి రాజుకు క్షమాభిక్ష అర్జీ పెట్టుకున్నవాళ్లు కనిపిస్తారు. సంతకం పెట్టడం రానివాళ్లకూ చరిత్ర రాయొచ్చని ఆమె చేసి చూపించారు.

● ఆమె పద్ధతి వెనక ఒక ప్రభుత్వ వేధింపు ఉంది. 1952లో డేవిస్ లియోన్ నగరంలో పాత రికార్డులు తిరగేసి అమెరికా తిరిగొచ్చారు. ఆ తర్వాత కొద్దికాలానికే ఆమె పాస్‌పోర్టునూ, ఆమె భర్త, గణిత శాస్త్రవేత్త చాండ్లర్ డేవిస్ పాస్‌పోర్టునూ ప్రభుత్వం లాగేసుకుంది. కమ్యూనిస్టుల ఏరివేత పేరుతో విచారణలు సాగిస్తున్న చట్టసభ కమిటీని ఎండగట్టిన ఒక కరపత్రమే అందుకు కారణం. ఫ్రాన్స్ దారి మూసుకుపోవడంతో ఆమె అమెరికా గ్రంథాలయాల్లోని ఆనాటి అచ్చు పుస్తకాలను ఆశ్రయించారు. 1962లో దంపతులు టొరంటో వెళ్లిపోయారు.

● లియోన్ అచ్చు కార్మికులు 1539లోనే పెద్ద సమ్మె చేశారు. యజమానులు పెట్టే తిండి చాలడం లేదని, అప్రెంటిస్‌లను మితిమీరి పెట్టుకుంటున్నారని వాళ్ల ఫిర్యాదు. వాళ్లకు ఒక రహస్య సంఘం కూడా ఉండేది. 1975లో వచ్చిన ‘సొసైటీ అండ్ కల్చర్ ఇన్ ఎర్లీ మోడర్న్ ఫ్రాన్స్’లో ఈ కథ ఉంది. అందులో మొత్తం ఎనిమిది వ్యాసాలు. మత ఘర్షణల మీద రాసిన వ్యాసం ఇప్పటికీ ఒళ్లు జలదరింపజేస్తుంది. అల్లరి మూకలు ఒళ్లు తెలియని ఆవేశంతోనే చంపలేదనీ, తాము పూజారుల పనీ న్యాయాధికారుల పనీ చేస్తున్నామని నమ్మే చంపారనీ ఆమె చూపించారు.

● ఇక మార్టిన్ గేర్ కేసు. పిరనీస్ కొండల దిగువన ఆర్తిగా అనే ఊరు. 1548లో అక్కడి మార్టిన్, తన తండ్రి ధాన్యాన్నే దొంగిలించాడన్న నింద పడి, భార్య బెర్ట్రాండ్‌నూ పసికందునూ వదిలేసి పారిపోయాడు. 1556లో “నేనే మార్టిన్‌ని” అంటూ ఒకడొచ్చాడు. అతని అసలు పేరు ఆర్నో దు తిల్. చెల్లెళ్లు నమ్మారు, బెర్ట్రాండ్ కాపురం చేసింది, బిడ్డలూ పుట్టారు. ఆస్తి లెక్కలు అడిగేసరికి చిన్నాన్న పియెర్‌కు కోపమొచ్చి వ్యవహారం కోర్టుకెక్కింది. రియూ కోర్టులో దాదాపు 150 మంది సాక్ష్యం చెప్పారు. వాళ్లలో 45 మందికి పైగా ఇతను ఆర్నోనే అన్నారు. 30, 40 మంది కాదు, మార్టినే అన్నారు. అరవై మంది దాకా ఎటూ తేల్చలేకపోయారు. ఊరి చెప్పులు కుట్టేవాడు మాత్రం కొలతలు చెప్పాడు: మార్టిన్ పాదం పన్నెండు, ఇతనిది తొమ్మిదే!

అప్పీలు మీద తులూజ్ న్యాయస్థానం ముద్దాయి వైపే మొగ్గుతుండగా, కొయ్యకాలితో అసలు మార్టిన్ దిగాడు. 1560 సెప్టెంబరులో ఆర్నోను మార్టిన్ ఇంటి ముందే ఉరితీశారు. కేసు విన్న న్యాయమూర్తి జాఁ ద కోరాస్ మరుసటి ఏడాదే దాని మీద పుస్తకం వేశాడు.

● ఈ కథకు సినిమా ముందు, డేవిస్ పుస్తకం తర్వాత. 1982 నాటి ఫ్రెంచి చిత్రానికి డేవిస్ సలహాదారు. నకిలీ మార్టిన్‌గా జెరార్ దెపార్ద్యూ నటించాడు. స్క్రీన్‌ప్లే రాసిన ఇద్దరిలో ఒకరు జాఁ క్లోద్ కారియేర్. పీటర్ బ్రూక్ నాటకం కోసం మన మహాభారతాన్ని ఫ్రెంచిలో మలిచింది ఆయనే. సినిమాలో చరిత్ర పలుచబడిందని డేవిస్‌కు అనిపించింది. అందుకే 1983లో ‘ద రిటర్న్ ఆఫ్ మార్టిన్ గేర్’ రాశారు. వచ్చినవాడు మొగుడు కాడని బెర్ట్రాండ్‌కు తెలుసు, తెలిసే ఒప్పుకుంది అని ఆమె వాదం. ఆధారాలు చాలవని చరిత్రకారుడు రాబర్ట్ ఫిన్లే 1988లో గట్టిగా విమర్శించాడు. ఆమె వివరంగా జవాబిచ్చారు. నా మటుకు నాకు ఆమె వాదమే బలంగా తోస్తుంది. ఊహించిన చోటల్లా ‘బహుశా’ అని రాసే నిజాయితీ ఆ పుస్తకంలో ఉంది.

● క్షమాభిక్ష అర్జీలనూ ఆమె కథల్లాగే చదివారు. 1987 నాటి ‘ఫిక్షన్ ఇన్ ది ఆర్కైవ్స్’ అంతా దాని గురించే. హంతకుడు తన గోడు చెప్పుకుంటాడు: ఏ రోజు, ఎక్కడ, ఎవరు ముందు తిట్టారు, కత్తి ఎలా చేతికొచ్చింది. రాయసగాడు దాన్ని రాజుకు నచ్చేలా రాసిపెడతాడు. కట్టుకథ అతికితే ప్రాణం దక్కుతుంది. పట్టరాని కోపంలో చేశానని మగవాడు చెప్పుకున్నంత తేలిగ్గా ఆడది చెప్పుకోలేకపోయేదని కూడా ఆమె పసిగట్టారు.

● అమెరికా చరిత్రకారుల సంఘానికి 1987లో ఆమె అధ్యక్షురాలు. ఆ పదవి చేపట్టిన రెండో మహిళ. 2010లో నార్వే ఇచ్చే హోల్‌బర్గ్ బహుమతి వచ్చింది.

ఇంగ్లీషు చదవగలిగితే మార్టిన్ గేర్ పుస్తకంతో మొదలుపెట్టండి. చిన్నదే, రెండు సాయంత్రాల్లో అయిపోతుంది. సినిమా మాత్రం పుస్తకం ముగించాకే చూడండి.